స్కిన్ మారింది, ప్లేయర్ మారలేదు: మాయా శశిరేఖ నుంచి సీజే దాకా

ఈ ఎపిసోడ్‌ని ఒక చీట్ కోడ్‌తో మొదలుపెడదాం.

జీటీఏ వైస్ సిటీ పీసీలో ఆడినవాళ్లకి గుర్తుండే ఉంటుంది. గేమ్ నడుస్తుండగానే కీబోర్డ్ మీద 'ప్రోగ్రామర్' అని టైప్ చేస్తే టామీ వెర్సెట్టి కాళ్లూ చేతులూ పుల్లల్లా అయిపోతాయి. 'డీప్ ఫ్రైడ్ మార్స్ బార్స్' అని కొడితే లావెక్కిపోతాడు. హైటెక్ సిటీలో కొన్నేళ్లు కోడ్ రాసిన మనిషిగా చెప్తున్నా, ఆ రెండు కోడ్‌లూ తారుమారయ్యాయి! మాదాపూర్‌లో ప్రోగ్రామర్ అయితే ఎవడూ సన్నబడడు. నైట్ షిఫ్ట్, క్యాబ్, బిర్యానీ... మీకు తెలుసు కదా.

సరే, జోక్ పక్కన పెడదాం. ఇవాళ మాట్లాడుకునేది ఆట మధ్యలో మన క్యారెక్టర్ రూపం మార్చుకోవడం గురించి. బట్టలు, జుట్టు, ఒళ్లు, మొహం. చూడ్డానికి చిన్న సంగతే. కానీ దీని చరిత్ర చూస్తే ఒక పెద్ద ప్రశ్న బయటికొస్తుంది. ఆ రూపం మార్చే హక్కు ఎవరి చేతిలో ఉంది? గేమ్ రాసినవాడి చేతిలోనా, ఆడేవాడి చేతిలోనా, దుకాణం పెట్టినవాడి చేతిలోనా? మీరు మీ డబ్బులతో స్కిన్లు కొంటున్నారు కాబట్టి ఇది మీకు పనికొచ్చే ప్రశ్నే.

మనకి ఈ ఐడియా కంప్యూటర్ల కంటే చాలా ముందే తెలుసు. 1957లో వచ్చిన మాయాబజార్ గుర్తు చేసుకోండి. కె.వి.రెడ్డి గారి సినిమా. ఘటోత్కచుడు శశిరేఖ రూపంలోకి మారిపోతాడు. ఘటోత్కచుడు ఎస్వీ రంగారావు గారు, శశిరేఖ సావిత్రి గారు. మారిన తర్వాత తెర మీద కనిపించేది సావిత్రే. కానీ ఆ నడక, ఆ చూపు, ఆ హుంకారం మాత్రం రంగారావువి. అంటే రూపం శశిరేఖది, లోపల కంట్రోలర్ పట్టుకున్నవాడు ఘటోత్కచుడు. గేమ్ భాషలో చెప్పాలంటే స్కిన్ మారింది, ప్లేయర్ మారలేదు. ఈ సీన్‌కి నవ్వే ప్రతి తెలుగు పిల్లాడికీ ఆ తేడా ఎవరూ చెప్పకుండానే అర్థమవుతుంది.

సినిమాకి ముందు స్టేజీ ఉంది. సురభి నాటకాలు 1885లో కడప జిల్లా సురభి అనే ఊళ్లో, కీచక వధతో మొదలయ్యాయి. ఆ కుటుంబాలు ఇప్పుడెక్కడ ఉన్నాయో తెలుసా? చాలామంది మన పక్కనే, శేరిలింగంపల్లి సురభి కాలనీలో. మన ఐటీ కారిడార్‌కి కూతవేటు దూరం. వాళ్ల మాయాబజార్ చూస్తే, ఒక తెర పడి లేచేలోపు దృశ్యం మారిపోతుంది. మార్పంతా తెర చాటునే జరగాలి. ఈ తెర సంగతి గుర్తు పెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

ఇక గేమ్స్‌కి వద్దాం. మొదట్లో రూపం మార్చడం అంటే ఖర్చు తగ్గించుకునే ఉపాయం. 1983 నాటి మారియో బ్రదర్స్‌లో లుయీజీ ఎవరు? రంగు మార్చిన మారియోనే. కొత్త బొమ్మ గీస్తే మెమరీ కావాలి, రంగు మారిస్తే చాలు. ఆ తర్వాత 1985లో రిచర్డ్ గారియట్ తన అల్టిమా ఫోర్ గేమ్ పేరులోనే 'అవతార్' అని పెట్టాడు. 1986లో లూకాస్‌ఫిల్మ్ వాళ్లు హాబిటాట్ అనే ఆన్‌లైన్ లోకం కట్టారు. అందులో స్క్రీన్ మీద తిరిగే మీ బొమ్మని కూడా అవతార్ అనే పిలిచారు. ఆ బొమ్మకి తల మార్చుకోవచ్చు కూడా! మన పురాణాల్లోని మాట అమెరికా వెళ్లి, ప్రొఫైల్ ఫొటోకి పేరై మళ్లీ మన ఫోన్లోకి వచ్చింది.

ఇప్పుడు శాండ్‌బాక్స్ గేమ్స్. అంటే, కథ చెప్పిన దారిలోనే నడవక్కర్లేకుండా ఊరంతా మన ఇష్టానికి తిరిగే గేమ్స్. 2001లో జీటీఏ త్రీ వచ్చింది. హీరో క్లాడ్. జైలు బట్టలు తీసేసి తోలు జాకెట్ వేసుకుంటాడు, ఇక గేమంతా అదే జాకెట్. 2002లో వైస్ సిటీ వచ్చింది. ఇక్కడ బట్టలకి పని పెట్టారు. ఒకటి రెండు స్టార్లతో పోలీసులు వెంటపడుతుంటే, వెళ్లి బట్టలు మార్చుకుంటే చాలు, స్టార్లు పోతాయి. గోల్ఫ్ క్లబ్‌లోకి వెళ్లాలంటే గోల్ఫ్ బట్టలుండాలి. ఒక మిషన్‌లో పోలీసు యూనిఫామ్ కావాలి. అంటే వేషం ఒక తాళం చెవి. తలుపు తెరుస్తుంది. కానీ ఏ వేషాలుండాలో రాసినవాడే నిర్ణయించాడు.

అయితే పీసీ వెర్షన్‌లో వాళ్లు ఇంకో తలుపు తెరిచి ఉంచారు. 'ప్లేయర్ సెటప్' అని ఒక మెనూ. గేమ్ ఫోల్డర్లో 'స్కిన్స్' అని ఇంకో ఫోల్డర్. అందులో ఒక బీఎంపీ బొమ్మ పడేస్తే టామీ ఒంటి మీదికి వచ్చేస్తుంది. అంతే! హ్యాకింగ్ లేదు, డబ్బులు లేవు.

మాది చిన్న టౌన్. నేను స్కూల్లో ఉన్నప్పుడు మా వీధి చివర నెట్ సెంటర్ ఉండేది. అక్కడ ఐదారు సిస్టమ్స్, అన్నిట్లో వైస్ సిటీ. నెట్ సెంటర్ అన్న ఒకరోజు ఆ బొమ్మని ఎంఎస్ పెయింట్‌లో తెరిచి చూపించాడు. ఒలిచి పరిచిన తొక్కలా ఉంటుంది అది. మొహం ఒకచోట, చొక్కా ముందు భాగం ఒకచోట, వెనక భాగం ఇంకోచోట. అప్పుడు అర్థమైంది దాన్ని స్కిన్ అని ఎందుకంటారో. మేం చొక్కాకి ఎర్ర రంగు కొట్టాం. ఒకడు మొహానికి మీసం పెట్టాడు. ఇంకొకడు ఒంటి రంగు మా రంగులోకి మార్చాడు. మీసం వంకరగా వచ్చింది, చెంప మీదికి పాకింది. అయినా ఆ సాయంత్రం వైస్ సిటీ రోడ్ల మీద తిరిగింది టామీ కాదు, మావాడు. గేమ్‌లో మాలాంటి మనిషి ఒక్కడూ లేడు కాబట్టి మేమే ఒకణ్ని గీసుకున్నాం. నాకు తెలిసి నేను చేసిన మొదటి సాఫ్ట్‌వేర్ పని అదే. ఒక ఫైల్ మారిస్తే ప్రోగ్రామ్ ప్రవర్తన మారుతుందని బీటెక్ కంటే ముందు నేర్పింది ఆ మీసమే.

2004 అక్టోబర్. శాన్ ఆండ్రియాస్ వచ్చింది. పీసీలోకి వచ్చింది 2005లో. నా ఉద్దేశంలో ఈ మొత్తం చరిత్రలో పెద్ద మలుపు ఇదే. సీజే ఒకే బొమ్మ కాదు. తల, పైభాగం, కాళ్లు, బూట్లు అన్నీ విడి ముక్కలు. జుట్టు కావాలంటే బార్బర్ షాప్, టాటూ కావాలంటే టాటూ షాప్. బట్టలకి బింకో లాంటి చవక కొట్టు నుంచి డిడియే సాక్స్ లాంటి ఖరీదైన షాప్ దాకా ఉన్నాయి. బింకోలో సీజే ట్రయల్ రూమ్‌లోకి వెళ్లి, బయటికి వచ్చేసరికి కొత్త చొక్కాతో ఉంటాడు. సురభి తెర గుర్తుందా? అదే పని. ప్లేస్టేషన్ టూలో మెయిన్ మెమరీ మొత్తం కలిపి 32 ఎంబీ. ఇవాళ మీ వాట్సాప్‌లో వచ్చే ఒక వీడియో అంత. ఆ ఇరుకులో ఊరంతా నడుస్తూ, సీజే ముక్కల్ని కూడా అప్పటికప్పుడు అతికించాలి. అందుకే అతికించే పని మన కంటికి కనపడకుండా జరిగిపోతుంది.

కానీ అసలు గొప్పతనం బట్టల్లో లేదు, ఒంట్లో ఉంది. పిజ్జాలు, బర్గర్లు తెగ తింటే సీజే లావవుతాడు. జిమ్‌కెళ్తే కండలొస్తాయి. పరిగెత్తితే, సైకిల్ తొక్కితే కొవ్వు కరుగుతుంది. తిండి మానేస్తే చిక్కిపోతాడు. రోడ్డు మీద పోయేవాళ్లు అతన్ని చూసి కామెంట్ చేస్తారు. అంటే రూపం అనేది మెనూలో ఎంచుకునేది కాదు. మీరు ఆడిన తీరే మీ ఒంటి మీద కనిపిస్తుంది. నా స్నేహితుడి సీజే, నా సీజే పక్కపక్కన పెడితే ఎవడు ఎలా ఆడాడో చెప్పేయొచ్చు.

అదే గేమ్ మొదట్లో రైడర్ అనే మిషన్ ఉంది. మొదట సీజేని బార్బర్ దగ్గరికి పంపి జుట్టు మార్చుకోవడం నేర్పిస్తుంది. ఆ తర్వాత పిజ్జా షాప్. అక్కడ రైడర్ మొహానికి గుడ్డ కట్టుకుని దోపిడీకి దిగుతాడు. కౌంటర్లో ఉన్నవాడు చూడగానే గుర్తుపట్టేస్తాడు! ఇంత పొట్టివాడు ఇంకెవడూ లేడని మొహం మీదే అనేస్తాడు. మాయా శశిరేఖ హుంకారంలాగే, వేషం వేసినా లోపలివాడు దాగలేదు.

మరి దుకాణం ఎప్పుడు వచ్చింది? 2006లో బెథెస్డా వాళ్లు ఆబ్లివియన్ గేమ్‌కి గుర్రం కవచం ఒకటి అమ్మారు. ఎక్స్‌బాక్స్‌లో రెండున్నర డాలర్లు. మనిషికి కాదు, గుర్రానికి! లోకమంతా నవ్వింది. నవ్వినవాళ్లు నవ్వారు, కొనేవాళ్లు కొన్నారు. మైన్‌క్రాఫ్ట్ పాత జావా వెర్షన్‌లో ఇప్పటికీ మీ స్కిన్ అంటే ఒక చిన్న పీఎన్‌జీ బొమ్మ. 64 చుక్కలు అడ్డం, 64 నిలువు. ఎవరైనా గీసుకుని ఫ్రీగా ఎక్కించుకోవచ్చు. అదే మైన్‌క్రాఫ్ట్ ఫోన్ వెర్షన్లకి 2017లో మార్కెట్‌ప్లేస్ పెట్టి అందులో స్కిన్లు అమ్మారు. ఒకే గేమ్, ఒకే స్టీవ్. ఒక పక్క పెయింట్ డబ్బా, ఇంకో పక్క గల్లాపెట్టె.

మన దగ్గర ఈ కథ పబ్జీతో ముదిరింది. అది శాండ్‌బాక్స్ కాదు, ఒప్పుకుంటా. కానీ మనలో చాలామంది మొదటిసారి డబ్బు పెట్టి వేషం కొన్నది అక్కడే. 2020 సెప్టెంబర్ 2న ప్రభుత్వం 118 యాప్స్‌ని నిషేధించింది, అందులో పబ్జీ మొబైల్ ఉంది. అక్టోబర్ 30కల్లా మన దేశంలో సర్వర్లు ఆగిపోయాయి. యూసీ పోసి కొన్న డ్రెస్సులన్నీ ఎక్కడున్నాయి? ఫోన్లో లేవు. 2021 జూలైలో బీజీఎంఐ వచ్చాక పాత అకౌంట్ డేటా తెచ్చుకునే వీలు కొన్నాళ్లు ఇచ్చారు. మళ్లీ 2022 జూలైలో అదీ స్టోర్ల నుంచి పోయి, 2023 మేలో తిరిగొచ్చింది. నిషేధం సరైనదా కాదా అన్నది వేరే చర్చ. నేను చెప్పేది ఒక్కటే. మా నెట్ సెంటర్ మీసం ఒక సీడీలో పెట్టుకుంటే ఇవాళ కూడా తెరుచుకుంటుంది. 2020లో వేలు పోసి కొన్న సూట్ మాత్రం ఒక ప్రకటనతో బీరువాతో సహా మాయమైంది. దాదాపు ప్రతి ఆన్‌లైన్ గేమ్ రూల్స్‌లో రాసే ఉంటుంది: ఇది మీ సొంతం కాదు, వాడుకోవడానికి లైసెన్స్ మాత్రమే అని. అందరం కింద 'ఐ అగ్రీ' నొక్కేస్తాం.

అలాగని పాత రోజులే బంగారం అనను. ఇవాళ కళాకారుడు చేసిన స్కిన్‌కి డబ్బు రావడం మంచిదే. హైదరాబాద్‌లో ఈఏ లాంటి పెద్ద కంపెనీకి స్టూడియో ఉంది, ఇక్కడి ఆర్టిస్టులు గేమ్స్ మీద పని చేసి ఇల్లు నడుపుకుంటున్నారు. ఇంకో పక్క, జీటీఏ ఫైవ్ మీద ఫైవ్‌ఎం వేసుకుని తెలుగువాళ్లు రోల్‌ప్లే సర్వర్లు నడుపుతున్నారు. ఒకడు డాక్టర్, ఒకడు ఆటోవాలా, ఒకడు ఎస్ఐ. మన పగటి వేషగాళ్లు ఊళ్లోకొచ్చి రోజుకో వేషం కట్టి, ఆ పాత్రలోనే వీధి వీధీ తిరిగేవాళ్లు కదా, అచ్చం అదే. ఆ ఫైవ్‌ఎంని తయారుచేసిన బృందాన్ని 2023లో రాక్‌స్టార్ తనలో కలుపుకుంది. అంటే సొంతంగా గీసుకునే తలుపు ఇంకా తెరిచే ఉంది, కాకపోతే తాళం చెవి ఇప్పుడు కంపెనీ జేబులో ఉంది.

అందుకే ఈసారి స్కిన్ కొనే ముందు రెండు చూడండి. ఒకటి, ఆ బొమ్మ ఫైల్ మీ దగ్గర ఉంటుందా, వాళ్ల సర్వర్లోనా? సర్వర్లో అయితే అది అద్దె బట్ట. పెళ్లికి షేర్వాణీ అద్దెకి తెచ్చుకున్నట్టే, తప్పేం లేదు, కానీ అద్దెకి ఎంత ఇవ్వాలో అంతే ఇవ్వండి. రెండు, ఆ గేమ్‌లో మీరే గీసుకునే వీలుందా? ఉంటే ఒక్కసారి గీయండి. మీసం వంకరగా వచ్చినా పర్లేదు.

మీరు గేమ్‌లో మొదటిసారి మార్చుకున్న వేషం ఏంటో కింద కామెంట్స్‌లో రాయండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. అంతవరకూ సెలవు.