మన ఊరి ఐదు స్టేషన్లు: మారికుప్పం బండి కథ



పోయిన మీటింగులో కాఫీలు తాగుతూ ఒక పెద్దాయన అన్న మాట నన్ను వదలడం లేదు. "గనులు మూసినందుకు మన ఊరు చావలేదప్పా. పొద్దున్నే బండెక్కి బెంగళూరుకు పోవడం నేర్చినాం చూడు, అప్పుడు చచ్చింది. రైలే తినేసింది కేజీఎఫ్‌ను" అన్నారాయన. కొందరు తల ఊపారు, కొందరు నవ్వారు. నేను ఏమీ అనలేకపోయాను. ఎందుకంటే ఆ బండిలో పన్నెండేళ్లు పాస్ పెట్టుకుని తిరిగినవాణ్ణి నేను. ఇంటికొచ్చాక ఆలోచిస్తే ఆ మాటకు బదులు ఒక్క ముక్కలో చెప్పేది కాదనిపించింది. అందుకే ఇంత పొడుగు రాస్తున్నా. ఓపిగ్గా చదవండి.

ముందు పాత కథ. 1864లో మద్రాసు రైల్వే వాళ్లు జోలార్‌పేట నుంచి బెంగళూరు కంటోన్మెంటు దాకా లైను తెచ్చారు. ఆ లైను కోలారు ఊరిని తాకలేదు, దానికి దక్షిణంగా పోయింది. దారిలో పడిన స్టేషనుకు అప్పటి మైసూరు కమిషనర్ లూయిన్ బౌరింగ్ పేరు మీద బౌరింగ్‌పేట అని పేరు. తర్వాత అది బంగారపేట అయింది. పేరులో బంగారం చేరింది కానీ, మొదట ఆ పేరుకూ బంగారానికీ సంబంధం లేదు.

అప్పటికి మన దగ్గర గనులు లేవు. పాతకాలం నాటి గుంతలు, మట్టి కడిగి రేణువులు ఏరుకునేవాళ్లు తప్ప. 1870ల్లో మైకేల్ లావెల్లే అనే మాజీ సైనికుడు మైసూరు ప్రభుత్వం దగ్గర తవ్వకానికి అనుమతి తెచ్చుకున్నాడు. 1880లో లండన్‌కు చెందిన జాన్ టేలర్ అండ్ సన్స్ దిగింది. ఆ తర్వాత మైసూరు, చాంపియన్ రీఫ్, ఊరిగాం, నందిదుర్గం గనులు ఒకటొకటిగా పైకొచ్చాయి. యంత్రాలు ఓడలో మద్రాసుకు, మద్రాసు నుంచి రైల్లో బౌరింగ్‌పేటకు వచ్చేవి. అక్కడి నుంచి గని దాకా పది మైళ్లు ఎద్దుల బండే గతి. బాయిలర్లు, ఇనుప చక్రాలు ఎద్దులతో లాగించడం అంటే ఎంత పనో ఊహించుకోండి.

ఆ పది మైళ్లకు 1894లో పట్టాలు పడ్డాయి. బౌరింగ్‌పేట నుంచి మారికుప్పం దాకా సుమారు 16 కిలోమీటర్లు. ఇక్కడ ఒక సంగతి గమనించండి. జిల్లా కేంద్రం కోలారుకు రైలు వచ్చింది 1913లో, అదీ బౌరింగ్‌పేట నుంచి చిన్న పట్టాల లైను. అంటే కలెక్టరు కచేరీ ఉన్న ఊరికంటే గని ఉన్న ఊరికి 19 ఏళ్ల ముందే రైలొచ్చింది. కరెంటు కథా అంతే. శివనసముద్రం నుంచి సుమారు 148 కిలోమీటర్లు తీగలు లాగి 1902లో మన గనులకు కరెంటు ఇచ్చారు. బెంగళూరు వీధుల్లో దీపాలు వెలిగింది 1905లో. ఎవరికి ఏది ముందు అందాలో అప్పుడు బంగారం నిర్ణయించింది.

జనాభా లెక్కలు కూడా చూడండి. 1891లో గోల్డ్ ఫీల్డ్స్‌లో ఉన్నది 7,085 మంది. 1901 నాటికి 38,204. పదేళ్లలో ఐదింతలు దాటింది. అంతా రైలు వల్లే అనను, గనుల్లో పని ఉంది కాబట్టి జనం వచ్చారు. కానీ ఆ పదేళ్ల మధ్యలోనే పట్టాలు పడ్డాయన్నది మరిచిపోకూడదు. తమిళ కుటుంబాలు ఉత్తర ఆర్కాటు, సేలం పక్క నుంచి వచ్చాయి. మన తెలుగువాళ్లు కుప్పం, పలమనేరు, చిత్తూరు పక్క నుంచి వచ్చారు. ములబాగలు, శ్రీనివాసపురం పల్లెల్లో ఎటూ ఇంట్లో మాట తెలుగే.

మా తాత కుప్పం పక్క పల్లె నుంచి వచ్చాడు. కుప్పంలో బండెక్కి, బంగారపేటలో దిగి, ఇంకో బండి ఎక్కి చాంపియన్ స్టేషన్లో దిగాడట. నెత్తి మీద రాగుల మూట, చేతిలో మా అవ్వ చెయ్యి. "దిగినాక ఎటు పోవాలో ఎవర్నీ అడగలేదురా, సైరన్ మోత ఎటు వినపడితే అటు నడిచినాం" అని మా అవ్వ చెప్పేది. అక్కడ లైన్లలో ఒక గది ఇచ్చారు. మళ్లీ రైలెక్కింది సంక్రాంతికే.

ఇక్కడే మన పెద్దాయన మాటకు సగం బదులు ఉంది. ఆ రోజుల్లో గని కూలీ రోజూ రైలెక్కే అవసరం లేదు. కంపెనీ లైన్లు గనికి నడిచిపోయే దూరంలోనే ఉండేవి. రైలు మనిషిని ఒకసారి తెచ్చి వదిలేది, అంతే. రోజువారీ ప్రయాణం భూమి మీద కాదు, భూమి లోపలికి. చాంపియన్ రీఫ్ గని లోతు మూడు కిలోమీటర్లు దాటింది. ఒకే కేజ్‌లో అడుగు దాకా దిగడం కుదరదు. ఒక షాఫ్ట్‌లో కొంత దిగి, లోపల నడిచి, ఇంకో కేజ్ ఎక్కి ఇంకా కిందికి పోవాలి. ఈ రోజు మనం వైట్‌ఫీల్డ్‌లో రైలు దిగి మెట్రో ఎక్కడాన్ని కనెక్షన్ అంటున్నాం. మన తాతలు ఆ కనెక్షన్లు చీకట్లో, ఆ వేడిలో, షిఫ్టు షిఫ్టుకూ మారారు.

స్టేషన్ల పేర్లు ఒకసారి వరసగా చదవండి. బంగారపేట వదిలాక బీఈఎంఎల్ నగర్, కోరమాండల్, ఊరిగాం, చాంపియన్, మారికుప్పం. బీఈఎంఎల్ నగర్ తర్వాత వచ్చింది, ఆ ఫ్యాక్టరీ కంపెనీ పుట్టిందే 1964లో. మిగతావి గనుల పేర్లు, గనుల పక్క పల్లెల పేర్లు. మరి మన బజారు, మన బస్టాండు, మన సినిమా హాళ్లు, మన బంగారం కొట్లు ఉన్న రాబర్ట్‌సన్‌పేట ఏది? ఆ పేరుతో స్టేషనే లేదు. ఆండర్సన్‌పేటకూ లేదు. పట్టాలు వేసినవాళ్లు షాఫ్టులు ఎక్కడున్నాయో చూశారు. జనం కాపురముండే పేటలు ఆ తర్వాత పుట్టాయి. అందుకే ఈ రోజుకీ రాబర్ట్‌సన్‌పేటలో ఉండేవాళ్లు తెల్లవారకముందే లేచి ఊరిగాం స్టేషనుకు ఆటోకో, బైకు మీద దింపే కొడుకుకో ఎదురుచూస్తారు. ఈ ఇబ్బందికి వందేళ్లు దాటాయి.

తర్వాతి కథ మనందరికీ తెలిసిందే. 1956లో మైసూరు రాష్ట్రం గనులు తీసుకుంది. ఆ తర్వాత కేంద్రానికి పోయాయి, 1972లో భారత్ గోల్డ్ మైన్స్ ఏర్పడింది. 2001 ఫిబ్రవరి 28తో గనులు మూతపడ్డాయి. ఆ రోజు మా నాయన ఇంటికొచ్చి టోపీ మేకుకు తగిలించి, అన్నం అడక్కుండా పడుకున్నాడు. ఆ టోపీ ఇంకా మా ఇంట్లోనే ఉంది.

ఆ తర్వాత మన లైన్లలో ఏం జరిగింది? సైరన్ ఆగింది. కానీ పొద్దున బండి ఆగలేదు. మనం స్వర్ణ అని పిలుచుకునే బండి మారికుప్పం నుంచి బయలుదేరుతూనే ఉంది. అంతకుముందు కూడా బెంగళూరుకు పోయి పనిచేసేవాళ్లు ఉన్నారు. 2001 తర్వాత ఆ సంఖ్య పెరిగి, నిలబడ్డానికి చోటు దొరకని రోజులొచ్చాయి. గని కూలీ కొడుకు సెక్యూరిటీ గార్డు అయ్యాడు, కూతురు ఆఫీసులో అకౌంట్లు రాసింది. నర్సులు, టైలర్లు, టెక్నీషియన్లు, బట్టల ఫ్యాక్టరీకి పోయే అక్కలు, అందరూ ఒకే పెట్టెలో. టేకల్, మాలూరు దాటేలోపు కూరగాయలు తరిగేసే అక్కలు మీకూ తెలుసు. పేకాట బ్యాచి వేరు, భజన బ్యాచి వేరు. ఎవరి కూతురికి పెళ్లి కుదిరినా మొదట తెలిసేది ఆ పెట్టెలోనే.

అంటే ఏమైంది? గనికి సరుకు, మనుషులు తేవడానికి వేసిన లైను, గని పోయాక మనుషుల్ని పనికి తీసుకుపోయే లైను అయింది. పట్టాలు అవే, స్టేషన్లు అవే, దిశ మారింది. అప్పుడు బండి చివర ఉన్నది చాంపియన్ రీఫ్. ఇప్పుడు ఉన్నది వైట్‌ఫీల్డ్, కృష్ణరాజపురం, కంటోన్మెంట్, మెజెస్టిక్.

1990ల్లో వైట్‌ఫీల్డ్ పక్కన ఇంటర్నేషనల్ టెక్ పార్క్ లేచింది, మనం ఐటీపీఎల్ అనేది. మన లైను దాని దగ్గరగానే పోతుంది. అయినా చాలా ఏళ్లు స్టేషనులో దిగినవాడికి ఆ అద్దాల మేడ దాకా పోవడమే పెద్ద యుద్ధం. రైల్లో రెండు గంటలు కూర్చున్న అలసట కంటే, ఆ నాలుగైదు కిలోమీటర్ల ట్రాఫిక్కు ఎక్కువ విసిగించేది. నా ఉద్యోగం మొదటి ఏడాది, బండి ఆలస్యమై ఆఫీసుకు లేటుగా పోయినందుకు సగం రోజు జీతం కోసిన రోజులు ఎన్నో. "మీ ఊరు దూరం కదా, ఇక్కడే రూము తీసుకో" అని ఉచిత సలహా వేరే. ఆ రూము అద్దె కడితే ఇంటికి పంపడానికి ఏం మిగిలేదో సలహా ఇచ్చినవాళ్లకు తెలీదు.

2011 అక్టోబరులో మెట్రో ఎంజీ రోడ్డు నుంచి బైయప్పనహళ్లికి వచ్చింది. అక్కడ రైల్వే స్టేషను పక్కనే కాబట్టి మనవాళ్లకు మొదటిసారి ఊపిరాడింది. 2023 మార్చిలో కృష్ణరాజపురం, వైట్‌ఫీల్డ్ మధ్య మెట్రో నడిచింది. మధ్యలో తెగిన ముక్క ఆ ఏడాది అక్టోబరులో కలిసింది. ఇప్పుడు వైట్‌ఫీల్డ్‌లో మన బండి దిగి కాడుగోడిలో మెట్రో ఎక్కితే, మూడో స్టేషను పట్టందూరు అగ్రహారం. అదే ఐటీపీఎల్. యుద్ధం కొన్ని నిమిషాల పనైంది.

ఇప్పుడు పెద్దాయన మాటకు మిగతా సగం బదులు. ఆయన అన్నదాంట్లో నిజం లేకపోలేదు. చీకటితో పోయి చీకటితో వచ్చే మనిషికి ఊళ్లో ఏ సంగతీ పట్టదు. వార్డు మీటింగుకు రాడు, స్కూలు కమిటీకి రాడు, మన సంఘానికీ ఆదివారమే వస్తాడు. పన్నెండేళ్లు మా పిల్లలు నన్ను నిద్రలోనే చూశారు. అయినా నేను అడిగేది ఒక్కటే. 2001లో ఆ బండి లేకపోయుంటే? ఇల్లు ఖాళీ చేసి అందరం బెంగళూరు సందుల్లో పడేవాళ్లం. బండి ఉంది కాబట్టి మన అమ్మానాన్నలు ముసలితనంలో తెలిసిన వీధిలోనే ఉన్నారు, మన పిల్లలు మన బడుల్లోనే చదివారు, గుడీ చర్చీ మసీదూ పండుగలకు నిండాయి. ఊరిని రైలు తినలేదన్నా, తిండి పెట్టింది. పెట్టిన తిండికి మన సమయం తీసుకుంది. ఆ సమయంలో కొంతైనా వెనక్కి తెచ్చుకోవడమే ఇప్పుడు మన పని.

ఇంకో మాట. మారికుప్పం దగ్గర పట్టాలు ఆగిపోతాయి. అక్కడి నుంచి కుప్పానికి సుమారు 24 కిలోమీటర్ల కొత్త లైను పని ఏళ్ల తరబడి సాగుతోంది. మన గనుల రాతి పొర దక్షిణంగా చిగురుగుంట, బిసానత్తం దాకా పోయింది. అక్కడా గని నడిచింది. బంగారం రాష్ట్రం గీత దాటింది, పట్టాలే దాటలేదు. మా తాత బంగారపేట చుట్టి వచ్చిన దారినే ఈ రోజుకీ కుప్పం చుట్టాలు పెళ్లికి రైల్లో వస్తున్నారు. ఆ లైను పూర్తయితే మారికుప్పం చివరి స్టేషను కాదు, నడిమి స్టేషను అవుతుంది.

నా విన్నపం మూడు మాటల్లో. ఒకటి, మీ ఇళ్లలో పాత పాసులు, స్టేషను ఫొటోలు, గని టోపీలు ఉంటే వచ్చే మీటింగుకు తెండి, ఫొటో తీసి పెట్టుకుందాం. పెద్దవాళ్లు ఏ స్టేషన్లో దిగి ఈ ఊరికొచ్చారో కామెంట్లో రాయండి. రెండు, రోజూ తిరిగేవాళ్లు ఒక వారం పాటు కాగితం మీద రాసిపెట్టండి: ఇంటి నుంచి స్టేషనుకు ఎన్ని నిమిషాలు, బండిలో ఎన్ని, దిగినాక ఎన్ని. మూడు, ఆ కాగితాలు పెట్టి ఒక అర్జీ రాద్దాం. పొద్దున బండ్ల వేళకు రాబర్ట్‌సన్‌పేట, ఆండర్సన్‌పేటల నుంచి ఊరిగాం స్టేషనుకు బస్సు, సాయంత్రం బండి వచ్చే వేళకు అదే బస్సు తిరుగు ప్రయాణం. అడిగేది ఇంతే.

ఆ పెద్దాయన కూడా ఈ పోస్టు చదువుతారని తెలుసు. అన్నా, అర్జీ మీద మొదటి సంతకం మీదే కావాలి.