రాజు ముఖం మీదే చెప్పిన మాట

1960 జూన్ 29. లియోపోల్డ్‌విల్ నగరం, అంటే ఇప్పటి కిన్షాసా. రోడ్డుకి రెండు పక్కలా కిటకిటలాడుతున్న జనంలో మీరూ ఉన్నారు. తెల్లవారితే కాంగోకి స్వాతంత్ర్యం. దాన్ని అప్పగించడానికి వచ్చిన బెల్జియం రాజు బోదువా, టాపులేని కారులో నిలబడి సెల్యూట్ చేస్తూ వస్తున్నాడు. ఇరవై తొమ్మిదేళ్ల యువకుడు, తెల్లటి యూనిఫాం. ఉన్నట్టుండి కోటూ టై వేసుకున్న ఒకతను గుంపులోంచి దూసుకొచ్చాడు. కారు పక్కనే పరుగెత్తి, రాజుగారి కత్తి లాక్కుని, దాన్ని పైకెత్తి ఊపుతూ పరుగో పరుగు! పోలీసులు కాసేపట్లోనే పట్టేసుకున్నారు. కత్తి మళ్లీ రాజు దగ్గరికే చేరింది. ఆ సాహసి పేరు అంబ్రాజ్ బోయింబో. జర్మన్ ఫొటోగ్రాఫర్ రాబర్ట్ లెబెక్ సరిగ్గా ఆ క్షణంలో కెమెరా నొక్కబట్టి ఆ దృశ్యం మనకు మిగిలింది.

మర్నాడు ఉదయం పార్లమెంటు భవనంలోకి రండి. ఒకవైపు బెల్జియం మంత్రులు, అధికారులు, విదేశీ అతిథులు. మరోవైపు నెల కిందటే ఎన్నికైన కాంగో సభ్యులు. బయట రేడియోల చుట్టూ జనం.

ముందు రాజు మాట్లాడుతున్నాడు. ఈ స్వాతంత్ర్యం తన పూర్వీకుడు రెండో లియోపోల్డ్ ప్రతిభతో మొదలైన మహాకార్యానికి ఫలమట. ఆయన వచ్చింది జయించడానికి కాదట, నాగరికత నేర్పడానికట. తొందరపడి మార్పులు చేయకండి, మిమ్మల్ని నమ్మి మేము తప్పు చేయలేదని ఇక మీరే రుజువు చేయాలి అంటున్నాడు.

లియోపోల్డ్ పేరు ఈ గోడల మధ్య వినడం ఎంత కష్టమో తెలియాలంటే కొంచెం వెనక్కి వెళ్లాలి. 1885 నుంచి 1908 దాకా కాంగో ఆ లియోపోల్డ్ సొంత ఆస్తి. తన దేశానికి డెబ్బై రెట్లకు పైగా పెద్దదైన ఆ నేల మీద ఆయన ఒక్కసారైనా కాలు పెట్టలేదు. అడవి రబ్బరు కోసం ఊరూరికీ ఇంత అని కోటా. తీరని చోట ఆడవాళ్లను బందీలుగా పట్టుకునేవారు, కాల్చి చంపేవారు. సిపాయిలు తూటాలు వృథా చేయలేదని చూపించడానికి చచ్చినవాళ్ల కుడిచేతులు నరికి తెచ్చి లెక్క అప్పజెప్పేవారు. బతికున్నవాళ్ల చేతులూ, పిల్లల చేతులూ తెగాయి. ఆ రోజులు చూసిన ముసలివాళ్లు 1960లో ఇంకా ఉన్నారు.

రాజు చదువుతుండగా ఒకతన్ని గమనించండి. కళ్లజోడు, బో టై, సన్నని గడ్డం. ఒళ్లో కాగితాల మీద ఏదో దిద్దుకుంటున్నాడు. ఆయనే కొత్త ప్రధాని పాట్రిస్ లుముంబా. పోస్టాఫీసులో గుమాస్తాగా చేసినవాడు, బీరు కంపెనీకి అమ్మకాలు చేసిపెట్టినవాడు. ఆ జనవరిలో జైల్లో ఉండగా బ్రస్సెల్స్ రౌండ్ టేబుల్ సమావేశానికి ఆయన్ని విడిపించి పంపాల్సి వచ్చింది. ఆయన లేకుండా మాట్లాడబోమని మిగతా కాంగో నాయకులు పట్టుబట్టారు. జూన్ 30 తేదీ ఖాయమైంది అక్కడే.

అధ్యక్షుడు కాసావుబు మర్యాదగా నాలుగు మాటలు చెప్పి కూర్చున్నాడు. కార్యక్రమంలో లుముంబా పేరే లేదు. అయినా లేచాడు.

మొదటి మాటే రాజుని ఉద్దేశించి కాదు, కాంగో ప్రజలను ఉద్దేశించి. ఈ స్వాతంత్ర్యం ఎవరో దానంగా ఇచ్చింది కాదు, కన్నీళ్లతో, నిప్పుతో, నెత్తురుతో పోరాడి గెలుచుకున్నది అన్నాడు. ఆపైన ఒక్కొక్కటీ విప్పాడు. కడుపు నిండని కూలి. పొద్దున్నా మధ్యాహ్నమూ రాత్రీ తిట్లూ దెబ్బలూ. నల్లవాణ్ణి ‘నువ్వు’ అనడం స్నేహం కొద్దీ కాదు, ‘మీరు’ అనేది తెల్లవాళ్లకే అట్టిపెట్టారు కాబట్టి. తెల్లవాళ్లకు ఒక చట్టం, నల్లవాళ్లకు ఇంకొకటి. సినిమా హాళ్లలోకీ హోటళ్లలోకీ రానివ్వకపోవడం. పడవలో దొరగారి గది కింద సరుకుల మధ్య ప్రయాణం.

కాంగో సభ్యుల చప్పట్లు మళ్లీ మళ్లీ మోగుతున్నాయి. రాజు ముఖం పాలిపోయింది. సభ ముగిశాక వెంటనే విమానం ఎక్కాలా అని బెల్జియన్లు తర్జనభర్జన పడ్డారు, విందు ఆలస్యమైంది. ఆ విందులో లుముంబా రాజుకి మర్యాదగా నాలుగు మంచి మాటలు చెప్పి ఊరుకోబెట్టాడు. పొద్దుటి మాటలు మాత్రం అప్పటికే దేశమంతా విన్నది.

శుభమా అంటూ ఇదేం ప్రసంగమని ఆనాడు పడమటి పత్రికలు దుమ్మెత్తిపోశాయి. నాకైతే ఆ ప్రసంగంలో తప్పేమీ కనిపించదు. చేతులు నరికించినవాణ్ణి మహాత్ముడన్న సభలో ఇంకెవరూ నోరు మెదపకపోతే ఆ చచ్చినవాళ్లకు అది రెండో చావు అయ్యేది.

కాంగోను ముంచింది ప్రసంగం కాదు. ఇరవై అయిదు వేల సైన్యంలో ఒక్క కాంగో అధికారి కూడా లేడు. పట్టభద్రులు ముప్ఫై మంది లోపే. జూలై 5న సైన్యాధిపతి యాన్సెన్స్ సిపాయిలను పిలిచి, స్వాతంత్ర్యానికి ముందూ తర్వాతా ఒకటేనని నల్లబల్ల మీద రాసి చూపించాడు. ఆ రోజే తిరుగుబాటు మొదలైంది. 11న గనులున్న కటాంగా ప్రాంతం విడిపోయింది. 1961 జనవరి 17న అక్కడే, బెల్జియన్ అధికారులు చూస్తుండగా, లుముంబాను కాల్చి చంపారు. శవాన్ని యాసిడ్‌లో కరిగించిన బెల్జియన్ పోలీసు ఒక పన్ను దాచుకున్నాడు.

2022 జూన్‌లో బోదువా తమ్ముడి కొడుకు, ఇప్పటి రాజు ఫిలిప్, కిన్షాసా వచ్చి గతం పట్ల తీవ్ర విచారం తెలిపాడు, క్షమాపణ చెప్పలేదు. అదే నెల 20న ఆ పన్ను కుటుంబానికి చేరింది. వలస పాలనపై విచారించిన బెల్జియం పార్లమెంటు సంఘం, క్షమాపణ చెప్పాలా వద్దా అన్నచోట ఏకాభిప్రాయం కుదరక, ఆ డిసెంబరులో ఏ నిర్ణయమూ తీసుకోకుండానే ముగిసింది.