లెప్టోకెఫాలస్ - పొరబాటున పుట్టిన పేరు

సముద్ర జీవశాస్త్ర గ్రంథాలలో అరుదుగా కనుపించే మాట లెప్టోకెఫాలస్. గ్రీకు భాషలో 'లెప్టోస్' అంటే సన్నని. 'కెఫాలె' అంటే తల. అద్దంవలె పారదర్శకమై, ఆకువలె పలచనై, చిన్న తలగల ఒక సముద్రజీవికి 18వ శతాబ్దంలో ఈ పేరు పెట్టినారు. అది వేరొక చేప అని నమ్మినారు. 1856లో కౌప్ అనే జర్మను శాస్త్రజ్ఞుడు మరొక రకాన్ని వర్ణించి లెప్టోకెఫాలస్ బ్రెవిరాస్ట్రిస్ అన్నాడు.

విచిత్రమేమంటే, ఈ 'చేప'లలో ఒక్కదాని కడుపులోనూ గుడ్లు కనుపించలేదు. అటు ఐరోపా నదులలో ఉండే ఈల్ అనే పామువంటి చేపకు డింభకాలు కనుపించలేదు. ఈ రెండు లోట్లకూ సంబంధ మున్నదని ఎవరికి తోచుతుంది?

1886లో ఫ్రాన్సులోని రోస్కాఫ్‌లో ఈవ్ దెలాజ్ తొట్టిలో ఉంచిన ఒక లెప్టోకెఫాలస్, కాంగర్ అనే సముద్రపు ఈల్‌గా మారింది. తరువాత ఇటలీలో గ్రాసీ, కలాండ్రుచ్చో అనేవారు కౌప్ వర్ణించిన 'చేప' నదీ ఈల్ డింభకమే అని కనుగొన్నారు. గ్రాసీ వ్యాసం 1896లో ఇంగ్లీషులో వెలువడింది. రూపం మారేటప్పుడు ఈ డింభకం పెరగదు సరికదా, కురుచవుతుంది! పిల్ల పెద్దదవుతుందని చూచేవారు మోసపోవడంలో వింత లేదు.

పేరుమాత్రం పోలేదు. నేడు అది ప్రజాతినామం కాదు. ఈల్ చేపలకు, వాటి బంధువులైన టార్పన్ మొదలైనవాటికి చెందిన డింభకదశకు సామాన్యనామం. అందుచేత రోమన్ లిపిలో చిన్న అక్షరంతో మొదలుపెట్టి వ్రాస్తారు.

1904లో డెన్మార్కు శాస్త్రజ్ఞుడు యొహానెస్ ష్మిత్‌కు ఫారో దీవుల పడమర 77 మిల్లీమీటర్ల డింభకం ఒకటి దొరికింది. అంతకంటె చిన్నవాటిని వెదుకుతూ అతడు అట్లాంటిక్‌లో ఏండ్ల తరబడి వలలు లాగించి, తుదకు సర్గాసో సముద్రం చేరినాడు.