లాంతరు నుంచి ఇన్వర్టర్ దాకా

పాల్వంచలోని కొత్తగూడెం థర్మల్ కేంద్రం 1966లోనే కరెంటు తీయడం మొదలుపెట్టింది. అయినా దీపం కింద చీకటి అన్నట్టు, మా తల్లాడ ఇళ్లలో లాంతరు చాలాకాలం ఉంది. రోజూ సాయంత్రం చిమ్నీ తుడవడం, వత్తి కత్తిరించడం, కిరసనాయిలు చూసుకోవడం మా అత్తమ్మ పని.

ఉమ్మడి రాష్ట్రంలో 2012, 2013 కోతలప్పుడు మా ఇంటికి ఇన్వర్టర్ వచ్చింది. యంత్రం కొత్తదే గానీ, అందులోని సీసం బ్యాటరీ 1859లో ఫ్రాన్సులో ప్లాంటే కనిపెట్టిన రకమే. కరెంటు ఉన్నప్పుడు బ్యాటరీ నింపుకుంటుంది. పోగానే దాని 12 వోల్టుల డీసీని ఇన్వర్టర్ 230 వోల్టుల ఏసీగా మార్చి ఫ్యానుకిస్తుంది. కంప్యూటర్ యూపీఎస్ చేసేదీ ఇదే, కాకపోతే కంప్యూటర్ ఆగిపోనంత త్వరగా.

దీన్ని కనిపెట్టుకుని ఉండే పని ఇప్పుడు నాది. బ్యాటరీ మూతల మీద నీటిమట్టం గుర్తు ఎరుపుకు దిగితే డిస్టిల్డ్ వాటర్ పోయాలి. బోరునీళ్లు పోస్తే లవణాలు పలకల్ని పాడుచేస్తాయి.

ఇప్పుడు కోతలు తగ్గాయి కాబట్టి దాని సంగతే ఎవరికీ గుర్తుండదు. పిల్లల పరీక్షల ముందురోజు గాలివానకు కరెంటు పోయినప్పుడు తెలుస్తుంది, బ్యాటరీ ఎప్పుడో చచ్చిందని. అందుకే నెలకోసారి మెయిన్ ఆపి, ఫ్యానూ లైటూ గంటసేపు నడిపి చూడండి. ఆలోపే బీప్ మొదలైతే బ్యాటరీకి రోజులు దగ్గరపడ్డట్టే.