మన పోచంపల్లి ఎముకలు

పోచంపల్లి అనగానే అందరికీ చీరలు గుర్తొస్తాయి. మేం చెప్పేది ఆ ఊరి సంగతి కాదు, మన సిరొంచ వైపు పోచంపల్లి సంగతి. కలకత్తాలో ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వారి భూగర్భశాస్త్ర మ్యూజియంలో నిలబెట్టిన బారపాసారస్ అనే రాక్షసబల్లి ఎముకలు ఈ ఊరి నేలలోంచి తీసినవే.

లెక్కల సంస్థకు రాక్షసబల్లితో పనేమిటని అనుమానం రావచ్చు. దాన్ని స్థాపించిన మహలనోబిస్ గారు 1957లో లండన్ నుంచి పమేలా రాబిన్సన్ అనే శాస్త్రవేత్తను పిలిపించి భూగర్భ విభాగం పెట్టించారు. ఆమె బృందం కన్ను ప్రాణహిత, గోదావరి లోయ మీద పడింది. 1961లో పెద్ద ఎత్తున తవ్వితే దాదాపు 300 ఎముకలు బయటపడ్డాయి. కనీసం ఆరు జంతువులవి. ఒక్క తొడ ఎముకే 1.7 మీటర్లు, అంటే మనలో చాలామంది ఎత్తు కంటే ఎక్కువ! అందుకే బెంగాలీలో 'పెద్ద కాలు' అనే అర్థం వచ్చేలా పేరు పెట్టారు. అది టాగూర్ శతజయంతి సంవత్సరం కాబట్టి వెనకాల 'టాగోరై' చేర్చారు. ఈ పేరు 1975లో శాస్త్రలోకానికి తెలిసింది.

పేరు బెంగాలీ అయింది, బొమ్మ కలకత్తా చేరింది. మాకు కోపం లేదు, తవ్వి జాగ్రత్త చేసినవాళ్ళు వాళ్ళే. కానీ ఆ ఎముకలున్న రాతిపొరకు శాస్త్రవేత్తలు పెట్టిన పేరు 'కోట ఫార్మేషన్'. ప్రాణహిత ఒడ్డున మన కోట ఊరి పేరు అది. పందొమ్మిదో శతాబ్దం నడుమే ఆ ఊరి రాళ్ళలోని చేపల శిలాజాలు లండన్ దాకా వెళ్ళాయి. నాగపూర్‌లో ఉన్న స్టీఫెన్ హిస్లాప్ అనే పాదరీ కూడా ఈ వైపు రాళ్ళను వెతికించాడు. హిస్లాప్ కాలేజీ ఆయన పేరుదే. హిస్లోపైట్ అనే పచ్చటి ఖనిజమూ ఆయన పేరుదే.

మన తాలూకా 1860 దాకా నైజాం కింద ఉంది. తర్వాత సెంట్రల్ ప్రావిన్సెస్, 1956లో బొంబాయి రాష్ట్రం, 1960లో మహారాష్ట్ర, 1982లో గడ్చిరోలి జిల్లా. ఇన్ని పాలనలు మారినా పోచంపల్లి పోచంపల్లిగానే, కోట కోటగానే ఉన్నాయి. మన పిల్లలు మరాఠీ బడిలో చదువుతూ ఈ ఊళ్ళ పేర్లను మ్యాపులో వెతకడం కూడా మానేశారు. మా బాధ అదీ.

నదికి అవతల, అప్పటి ఆదిలాబాద్ జిల్లా యామన్‌పల్లిలో ఇదే కోట పొరలో దొరికినది కోటసారస్. జియలాజికల్ సర్వేకు చెందిన పి. యాదగిరి గారు 1988లో దానికి పేరు పెట్టారు. ఈసారి ఇంటిపేరూ మనదే, ఊరిపేరూ మనదే: కోటసారస్ యామన్‌పల్లిఎన్సిస్. అది హైదరాబాద్ బిర్లా సైన్స్ మ్యూజియంలో ఉంది. కలకత్తా కంటే మనకు అదే దగ్గర.

వెళ్ళినవాళ్ళు తల చూసి మోసపోకండి. ఈ రెండింటికీ పుర్రె దొరకలేదు. మెడ చివర కనిపించేది శాస్త్రవేత్తలు ఊహించి చేయించినది. కాళ్ళూ వెన్నూ చూడండి. పిల్లల చేత పలకమీది పేరు పైకి చదివించి, యామన్‌పల్లి ఎక్కడుందో అడగండి.