ఓడ దిగినవాళ్లు, ఒడ్డున ఉన్నవాళ్లు

లైబీరియా రాజముద్రలో ఒక ఓడ ఒడ్డుకు వస్తూ కనిపిస్తుంది. స్వేచ్ఛ మీది ప్రేమే తమను ఇక్కడికి తెచ్చిందని దాని మీద రాసి ఉంటుంది. అది ఓడలో వచ్చినవాళ్ల మాట. తరాలుగా ఆ గడ్డ మీదే బతుకుతున్న క్పెల్లే, బాసా, క్రూ, గ్రెబో తెగలవాళ్ల ఊసు అందులో లేదు.

విముక్తులైన నల్లవారిని ఆఫ్రికాకు పంపేద్దామని 1816లో అమెరికాలో ఒక సంఘం పుట్టింది. బానిసత్వం పోవాలనేవాళ్లూ, స్వేచ్ఛగా తిరిగే నల్లవాళ్లను చూస్తే తమ బానిసలు చెడిపోతారని జడిసిన భూస్వాములూ అందులో కలిసే ఉన్నారు. 1821లో మెసురాడో తీరంలో ఆ సంఘానికి నేల అమ్మడానికి అక్కడి రాజు పీటర్ ఒప్పుకోకపోతే, అమెరికా నౌకాదళ అధికారి స్టాక్‌టన్ ఆయన తలకు పిస్తోలు పెట్టాడంటారు. బేరం తెగింది. ఇచ్చిన ధర: తుపాకులు, పొగాకు, అద్దాలు, గొడుగులు, ఒక పీపా రమ్ము.

అలా వెలసిన లైబీరియా 1847 జులై 26న స్వతంత్ర రాజ్యమైంది. వచ్చినవాళ్లు అమెరికా దక్షిణాది దొరల ఠీవిని వెంట తెచ్చుకున్నారు. స్తంభాల వసారాల మేడలు, ఆ ఉక్కలోనే పొడుగు కోట్లు, ఎత్తు టోపీలు! అత్త ఆరళ్లు పడ్డ కోడలు తాను అత్తయ్యాక చేసేదే ఇక్కడా జరిగింది. జనాభాలో పిడికెడు మంది 1878 నుంచి 1980 దాకా ఒకే పార్టీ జెండా కింద ఏలారు. స్థానిక తెగలకు ఓటు 1946 దాకా లేదు.

అన్నిటికన్నా సిగ్గుచేటు ఫెర్నాండో పో వ్యవహారం. అప్పట్లో స్పెయిన్ ఏలుబడిలో ఉన్న ఆ దీవిలోని కోకో తోటలకు కూలీలు కావాలి. సైనికులు ఊళ్ల మీద పడి పడుచువాళ్లను పట్టుకొచ్చి ఓడలెక్కించేవారు. తలకింత చొప్పున సొమ్ము పెద్దల జేబుల్లోకి వెళ్లేది. 1930లో నానాజాతి సమితి విచారణ సంఘం గుట్టు బయటపెట్టాక అధ్యక్షుడు చార్లెస్ కింగ్, ఉపాధ్యక్షుడు యాన్సీ గద్దె దిగారు. బానిసల బిడ్డలు కట్టిన దేశం మనుషుల్ని ఎగుమతి చేస్తూ పట్టుబడింది.

1980లో స్థానిక తెగకు చెందిన సార్జెంట్ శామ్యూల్ డో అధ్యక్షుడు టోల్బర్ట్‌ను చంపించి గద్దెనెక్కాడు. 13 మంది పాలక పెద్దలను రాజధాని మన్రోవియా సముద్రతీరంలో గుంజలకు కట్టి కాల్పించాడు. జనం కేరింతలు కొట్టారు. ఆ సంబరం ఎన్నాళ్లో నిలవలేదు. డో సొంత క్రాన్ తెగనే నెత్తిన పెట్టుకున్నాడు. 1989లో చార్లెస్ టేలర్ తిరుగుబాటుతో మొదలైన అంతర్యుద్ధాలు 2003 దాకా సాగి, సుమారు రెండున్నర లక్షల ప్రాణాలు తీశాయి.

టేలర్‌కు 50 ఏళ్ల శిక్ష పడింది గానీ, అది పొరుగున సియెర్రా లియోన్‌లో జరిగిన నేరాలకు. సొంతగడ్డ మీది యుద్ధనేరాల విచారణకు కోర్టు పెట్టే ప్రయత్నానికి లైబీరియా అధ్యక్షుడి సంతకం పడింది 2024లో.