ఉత్సవాల్లో ఏనుగులు: దక్షిణ తెలంగాణ, చట్టం

నల్లగొండ, పాలమూరు ప్రాంతాల ఉత్సవాల్లో కనిపించే ఏనుగు సాధారణంగా కొయ్య ఏనుగే. యాదగిరిగుట్ట లక్ష్మీనరసింహస్వామి బ్రహ్మోత్సవాల్లో గజవాహన సేవ ఉంది. ఇలాంటి వాహనాలను దండెలకు బిగించి మనుషులు భుజాన మోస్తారు. కురుమూర్తి జాతరలో ప్రధాన ఘట్టం స్వామివారి ఉద్దాల ఊరేగింపు. పల్లెల్లో పీర్లను ఎత్తుకునేదీ, బోనాన్ని నెత్తిన పెట్టుకునేదీ మనుషులే. నల్లమలలోని అమ్రాబాద్ పులుల అభయారణ్యంలోనూ అడవి ఏనుగుల సంతతి లేదు. అందువల్ల ఈ జిల్లాల్లో ఏ ఊరేగింపులోనైనా ప్రాణమున్న ఏనుగు కనిపిస్తే, దాన్ని ఎక్కడినుంచో తెచ్చారనే అర్థం. చట్టపరమైన ప్రశ్నలు ఆ ప్రయాణంతోనే మొదలవుతాయి.

దీనికి సమీప ఉదాహరణ హైదరాబాద్. మొహర్రం పదో రోజున దబీర్‌పురా నుంచి బయలుదేరే బీబీ కా ఆలం, బోనాల ముగింపులో హరిబౌలి అక్కన్న మాదన్న మహంకాళి ఆలయ ఘటం, ఈ రెండూ ఏనుగుపై సాగే ఊరేగింపులు. రెండు మతాల వారూ ఒకే జంతువుపై ఆధారపడటం ఈ నగరపు ప్రత్యేకత. కొంతకాలం నెహ్రూ జూ పార్కులోని రజని అనే ఏనుగును వీటికి వాడారు. జూలలోని ఏనుగులను అటవీ శిబిరాలకు తరలించాలని కేంద్ర జూ ప్రాధికార సంస్థ 2009లో ఆదేశించింది. ఆ తర్వాతి కాలంలో ఇతర రాష్ట్రాల ఏనుగుల కోసం వెతకడం మొదలైంది.

ఏనుగు వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972 మొదటి షెడ్యూలులో ఉంది. పెంపుడు ఏనుగుకు యాజమాన్య ధ్రువపత్రం తప్పనిసరి. దాన్ని అమ్మడానికి వీల్లేదు. మరోచోటికి తరలించాలంటే ముఖ్య వన్యప్రాణి సంరక్షణాధికారి అనుమతి కావాలి. 2023 ఏప్రిల్ 1న అమల్లోకి వచ్చిన సవరణ, ధ్రువపత్రం ఉన్నవారు మతపరమైన లేదా మరే ఇతర ప్రయోజనానికైనా ఏనుగును బదిలీ చేయవచ్చని వెసులుబాటు ఇచ్చింది. ‘మరే ఇతర’ అన్న మాట చాలా విశాలమైనదనీ, అద్దె వ్యాపారానికి అది చాటు కాగలదనీ జంతు సంక్షేమవాదులు చేసిన విమర్శ న్యాయమైనదే. 2024 మార్చిలో వెలువడిన నియమాలు బదిలీకి జన్యు వివరాల నమోదును, తరలింపుకు పశువైద్యుడి ఆరోగ్య ధ్రువీకరణను తప్పనిసరి చేశాయి. మావటి, సహాయకుడు వెంట ఉండాలి. లారీ ఎక్కించే ముందు మేత, నీరు సరిగా పెట్టాలి.

ఈ అనుమతులు లేకపోతే ఏమవుతుందో కొల్హాపూర్ జిల్లా నాందణి జైన మఠానికి చెందిన మహాదేవి ఉదంతం చూపింది. 1992 నుంచి మఠంలో ఉన్న ఈ ఆడ ఏనుగును 2012, 2023 మధ్య అనుమతి లేకుండా పదేపదే తెలంగాణ ఊరేగింపులకు తెచ్చారన్న ఆరోపణ బొంబాయి హైకోర్టు ముందుకు వచ్చింది. దాన్ని జామ్‌నగర్ సమీపంలోని సంరక్షణ కేంద్రానికి పంపాలని హైకోర్టు 2025 జులై 16న ఆదేశించగా, అదే నెల 28న సుప్రీంకోర్టు సమర్థించింది. కొల్హాపూర్ ప్రజలు పెద్దఎత్తున నిరసన తెలిపారు. వారి అనుబంధం నిజమైనదే కానీ, గొలుసుల మధ్య గడిచిన ఏళ్ల తర్వాత ఏనుగు ఆరోగ్యానికే కోర్టు పెద్దపీట వేయడం సమంజసం.

ఊరేగింపులో ఏనుగుపై జరిగే హింసకు వర్తించేది జంతు హింస నిరోధక చట్టం, 1960. కాలే తారు రోడ్డు, చెవి పక్కనే బాణసంచా, డీజే మోత, గాయం మీదే పడే అంకుశం పోటు, ఇవన్నీ దాని పరిధిలోకి తేదగినవే. కేరళ తన నియమాల్లో పగటి ఎండవేళ ఊరేగింపులను కట్టడి చేసి, జిల్లా స్థాయి పర్యవేక్షక సంఘాలను ఏర్పాటు చేసింది.

శిక్షల దగ్గర రెండు చట్టాల మధ్య పొంతన లేదు. మొదటి షెడ్యూలు జంతువుకు సంబంధించిన నేరానికి వన్యప్రాణి చట్టం కనీసం మూడేళ్లు, గరిష్ఠంగా ఏడేళ్ల జైలు, 25,000 రూపాయలకు తగ్గని జరిమానా విధిస్తుంది. హింసకు 1960 చట్టం మొదటిసారి వేసే జరిమానా 10 నుంచి 50 రూపాయలు మాత్రమే.